చిత్రకథా రచయిత్రి శ్రీమతి భానుమతీ రామకృష్ణగారు

మన సంఘ వార్షిక మహాసభా సంచికలయందు కులవృద్ధుల జీవితములను, దాతల వితరణమును, విద్యాధికులైన యువకుల విజయములను ప్రకటించుట అనూచానముగా వచ్చుచున్న యాచారము. ఆ యాచారము మంచిదే. అయినను ఈ యేటి సంచికకు వ్యాసము వ్రాయుమని కార్యవర్గమువారు కోరినపుడు మేము మన కులములోని పురుషుని చరిత్రను గాక, కులము నడుగక పనిని మాత్రమే యడిగి, యొక స్త్రీ చరిత్రను గ్రహించితిమి. అందును సామాన్యముగా నెవ్వరును తలపని యొక భాగమును మాత్రమే విస్తరించి వ్రాయ సంకల్పించితిమి. ఆమె శ్రీమతి పాలువాయి భానుమతీ రామకృష్ణగారు. ఆమెను గాయనిగా నెఱుగనివారు మన యిండ్లలో లేరు. నటిగా నెఱుగనివారును అరుదు. చలనచిత్రమునకు కథ వ్రాసిన రచయిత్రిగా ఆమె నెఱిగినవారు మాత్రము వేళ్లమీద లెక్కింపదగినవారు.

"సినిమా ప్రసంగము కులసంచికలో నేల?" యని కొందఱు పెద్దలు ప్రశ్నింపవచ్చును. వారికి మా సమాధాన మిది. మన యీపురుపాలెమున మగ్గ మాడు నింటిలోనికి పోయి చూడుడు. రాట్నము ముందు కూర్చుండి కండెలు చుట్టునది యెవరు? ఆసు పోయునది యెవరు? తెగిన పోగు నతుకునది యెవరు? ఇంటి యాడుది. చీర సిద్ధమై యంగడి చేరిన పిదప దానిని "ఫలానివారి నేత" యందురు. ఆ ఫలానివారు ఎల్లప్పుడును పురుషులే. పని కనబడుచున్నది, పేరు కనబడుట లేదు. చలనచిత్ర లోకమున రచయిత్రుల కథయు నట్టిదే. ఒకచోటి యన్యాయము మఱియొకచోటి యన్యాయమును తెలిసికొనుటకు అద్దము వంటిది. కావున నీ ప్రసంగము మనకు పరాయిది కాదు.

రచయిత్రి పేరు నిలుచుట యెట్లు?

మన పూర్వకవయిత్రులలో తాళ్లపాక తిమ్మక్క, ఆతుకూరి మొల్ల, తరిగొండ వెంగమాంబ, ముద్దుపళని మున్నగువారి పేళ్లు నేటికిని నిలిచియున్నవి. ఇందుకు వారి ప్రతిభ యొక హేతువు. కావ్యరచనా సంప్రదాయము రెండవ హేతువు. మన కవులు పీఠికలో తమ వంశమును చెప్పుకొందురు. ఆశ్వాసాంతమున గద్యలో తమ పేరును చేర్తురు. తాటియాకుల పుస్తకమును ప్రతివ్రాయు లేఖకుడు కథతోపాటు గద్యను కూడ వ్రాయును. అందుచే కావ్య మున్నంతకాలము కవి పేరును ఉండును. కుమ్మరి యింటి బిడ్డయని లోకము చెప్పుకొను మొల్ల పేరు నేటివరకు చెక్కు చెదరక వచ్చినదన్న నీ గద్య కావలి కాచుటవలననే.

చలనచిత్రమున గద్య లేదు. ప్రారంభమున కొన్ని క్షణములు తెరపై పేళ్లు పోవును. ప్రేక్షకు లప్పటికి చోటు వెదకికొనుచుందురు. చిత్రము ముగిసినపిమ్మట నాయకుని పేరును, నాయిక పేరును, పాటలును మాత్రమే నాలుకలపై నిలుచును. భరతమునీంద్రుడు ఇతివృత్తమును నాట్యమునకు శరీరముగా చెప్పెను. నేటి లోకము శరీరమును మఱచి యాభరణములనే లెక్కించుచున్నది. పురుషుడైన రచయితకే యీ యవస్థ తప్పలేదు. స్త్రీ యగునపుడు వేరుగ చెప్పవలయునా?

స్త్రీల చరిత్రను స్త్రీలే వ్రాసికొనవలెనని మన భాషలో తొలుత పూనుకొన్నవారు శ్రీమతి భండారు అచ్చమాంబగారు. ఆమె "అబలా సచ్చరిత్ర రత్నమాల" 1901 లో వెలువడెను. ముప్పదియొక్క యేండ్లయినను నిండకయే 1905 లో ఆమె కీర్తిశేషురాలయ్యెను. ఆమె మొదలిడిన కార్యమునకు మేము నేడొక చిన్నపుటను చేర్చుచున్నాము.

జననము, తొలి పాత్రలు

భానుమతిగారు 1925 సెప్టెంబరు 7వ తేదీన ఒంగోలు ప్రాంతములోని దొడ్డవరము గ్రామమున జన్మించిరి. నేడు దొడ్డవరము ప్రకాశము జిల్లాలోను, మన యీపురుపాలెము 2022 లో ఏర్పడిన బాపట్ల జిల్లాలోను ఉన్నవి. ఆ కాలమున రెండును గుంటూరు జిల్లాలోనివే. కావున ఆమె మన జిల్లా యాడుపడుచే యని చెప్పికొనుటలో తప్పు లేదు. తండ్రి బొమ్మరాజు వేంకట సుబ్బయ్యగారు సంగీతప్రియులు. కుమార్తెకు శాస్త్రీయ సంగీతమును తామే నేర్పించిరి. ఆడపిల్ల నాటకములాడుట, సినిమాలలో చేరుట యపకీర్తి యని తలంచెడి కాలమది. ఆయన సంకోచించి, షరతులు పెట్టి, కడకు సమ్మతించిరి.

1939 లో చిత్తజల్లు పుల్లయ్యగారి దర్శకత్వమున కలకత్తాలో నిర్మింపబడిన "వరవిక్రయము" ఆమె తొలి చిత్రము. కాళ్లకూరి నారాయణరావుగారి ప్రసిద్ధ నాటకమునకు అది తెరరూపము. అప్పటి కామెకు పదునాలుగేండ్లు నిండలేదు. ధరించిన పాత్ర కాళింది. కట్నము పోసి తనకు వరుని కొనుట సహింపలేక కాళింది బావిలో పడి ప్రాణములు విడుచును. పిమ్మట చెల్లెలు కమల, సొమ్మిచ్చి కొన్న వస్తువు కొన్నవారి సొత్తేగదా యని వాదించి వరపక్షమునకు బుద్ధి చెప్పును.

మరుసటి సంవత్సరమున, అనగా 1940 లో, భవభూతి నాటకము ననుసరించి తీసిన "మాలతీ మాధవము"నందు ఆమె మాలతియైరి. సంస్కృతము చదివినవా రెఱుగుదురు, మాలతి పరమ సుకుమారి. తండ్రి తనను రాజమిత్రుడైన నందనున కిత్తునని మాట యిచ్చినందుకు లోలోపల కుములును గాని యెదిరింపదు. కామందకి యను పరివ్రాజిక యుపాయములు పన్నినగాని ఆమె వివాహము గట్టెక్కదు. అఘోరఘంటుడు చాముండకు బలి యీయబోయినపుడు మాధవుడు వచ్చి కత్తి దూసినగాని ఆమె ప్రాణము దక్కదు. ఈ రెండు పాత్రలను పాఠకులు మనస్సులో నుంచుకొనవలెను. వీనితో మాకు ముందు పని యున్నది.

1943 లో "కృష్ణప్రేమ" చిత్రపు కాలమున పరిచితులైన శ్రీ పి. ఎస్. రామకృష్ణారావుగారిని ఆమె ఆ సంవత్సరము ఆగష్టు 8వ తేదీన వివాహమాడిరి. గృహిణియై యుండదలచిన ఆమెను బి. ఎన్. రెడ్డిగారు "స్వర్గసీమ"కై మరల పిలిచిరి. 1945 లో విడుదలయైన ఆ చిత్రమున వీథిలో ఆటపాటలతో పొట్టపోసికొను సుబ్బి సుజాతాదేవి యను నాటకతారగా మాఱును. ఆ చిత్రమునకు సంభాషణలు వ్రాసినది మన తెనాలివారైన చక్రపాణిగారు. తెనాలి వాక్కు, దొడ్డవరము గళము కలిసి యాంధ్రదేశము నుఱ్ఱూత లూగించెను. అయినను ఆనాటికి వాక్కు పురుషునిది, గళము స్త్రీది.

యుద్ధానంతర కాలము

రెండవ ప్రపంచయుద్ధము జరుగుచుండగా ముడిఫిల్మునకు కఱవు వచ్చెను. 1943 నుండి ప్రభుత్వము ఫిల్మును లెక్కప్రకారము పంచియిచ్చుచు, ఒక్కొక్క చిత్రము పదునొకండువేల యడుగులకు మించరాదని కట్టడి చేసెను. అనుమతి గలవారికే ఫిల్ము, ఫిల్ము గలవారికే చిత్రము. 1945 చివర నీ నియంత్రణ తొలగెను. తొలగినంతనే క్రొత్త నిర్మాతలు పుట్టుకొనివచ్చిరి. నటీనటులు, దర్శకులు తామే సంస్థలను నెలకొల్పసాగిరి. నెలజీతముపై ఒక్క సంస్థకు కట్టువడియుండు పద్ధతి క్రమముగా సడలెను.

ఈ మార్పును సకాలమున గ్రహించినవారిలో భానుమతీ రామకృష్ణ దంపతులు ముఖ్యులు. 1947 ప్రాంతమున తమ కుమారుని పేర "భరణీ పిక్చర్సు" స్థాపించిరి. 1948 లో "రత్నమాల", 1949 లో "లైలా మజ్ను", 1952 లో "ప్రేమ" వెలువడినవి. అటుపిమ్మట "విప్రనారాయణ", "చింతామణి", "బాటసారి" మున్నగునవి వచ్చినవి. మదరాసులో భరణీ స్టూడియోయు వెలసెను. ఈ చిత్రములలో పెక్కింటికి రామకృష్ణారావుగారు దర్శకులు. కథను నిర్ణయించుట, పాత్రను దిద్దుట, పాటకు వరుస కుదుర్చుట యను పనులలో భానుమతిగారు యజమానురాలి స్థానమున కూర్చుండిరి. మా దృష్టిలో ఆమె చరిత్రమునకు కీలక మిదియే. ఆమె చేతికి కలము వచ్చుటకు ముందు కాలు మోపుటకు సొంత చోటు వచ్చినది.

చండీరాణి

1953 లో "చండీరాణి" వచ్చెను. కథను భానుమతిగారు తామే సమకూర్చి, దర్శకత్వమును తామే వహించి, రెండు పాత్రలను తామే ధరించిరి. తెలుగు, తమిళము, హిందీ భాషలు మూడింటను ఒకే కాలమున నిర్మించిరి. నందమూరి తారక రామారావుగారు నాయకులు. సంగీత దర్శకులు సి. ఆర్. సుబ్బరామన్‌గారు 1952 లో అకాలమరణము నొందగా, ఎం. ఎస్. విశ్వనాథన్‌గారు ఆ భారమును వహించిరి. తెలుగు చిత్రమునకు దర్శకత్వము వహించిన తొలి మహిళగా భానుమతిగారి పేరు చరిత్రకెక్కినది. దక్షిణదేశమున ఆమెకు ముందు తమిళమున టి. పి. రాజలక్ష్మిగారు 1936 లో తమ నవలనే "మిస్ కమల" యను చిత్రముగా తీసి దర్శకత్వము వహించియుండిరి.

మూడు భాషలలో ఒక్కసారిగా చిత్రము తీయుట యెంతటి శ్రమయో సినిమా పనితో పరిచయము లేనివా రూహింపజాలరు. ఒకే రంగము, ఒకే దుస్తులు, ఒకే దీపములు. ఒక భాషలో నటించి ముగించిన సన్నివేశమును వెనువెంట మఱియొక భాషలో నటింపవలెను. తెలుగు వాక్యపు నడక వేఱు. హిందీ వాక్యపు నడక వేఱు, తమిళపు సామెత వేఱు. నవ్వు పుట్టింపవలసిన మాట యొక భాషలో నవ్వు పుట్టించి మఱియొక భాషలో చప్పబడిపోవును. అందుచే కథ యల్లునపుడే, మాటపై గాక సన్నివేశముపైన రసమును నిలుపవలెను. ముఖము, ప్రతిముఖము, గర్భము, విమర్శము, నిర్వహణము అని మన పెద్దలు చెప్పిన పంచసంధులు గట్టిగా కుదిరిననేగాని కథ మూడు భాషల బరువును మోయలేదు. పడుగు గట్టిదైన యే రంగు పేకయైనను నిలుచునని మన నేతగాండ్రకు వేఱుగ చెప్పనక్కఱలేదు.

కథలోని ముఖ్యపాత్రలు కవలలైన యక్కచెల్లెండ్రు, చంపయు చండియు. ఒకతె నెమ్మదికి, రెండవది తెగువకు మారుపేళ్లు. రూప మొక్కటియే, స్వభావములు రెండు. ఇచ్చట మేము ముందు చెప్పిన కాళిందిని, మాలతిని జ్ఞప్తికి తెచ్చికొనవలెను. 1939 లో ఆమె ధరించిన కన్య చావు తప్ప వేఱు దారి కానక బావిలో పడెను. 1940 లో ఆమె ధరించిన కన్యను చాముండ బలిపీఠమునుండి పురుషుడు రక్షించెను. 1953 లో ఆమె తానే కల్పించిన కన్యకు చండి యని పేరు పెట్టెను. బలి కావలసిన కన్యకు దేవత పేరే వచ్చినది. ఈ చండికి ఉపాయము చెప్ప కామందకి యక్కఱలేదు, కత్తి దూయ మాధవుడును అక్కఱలేదు. తన పోరు తానే పోరును.

దీనిని బట్టి కాళ్లకూరివారిని గాని భవభూతిని గాని తక్కువచేయుట మా యుద్దేశము కాదు. కాళింది మరణము వేలమంది తండ్రులను సిగ్గుపఱచినది. కమల పాత్రయు నారాయణరావుగారి సృష్టియే. కామందకివంటి వివేకవతిని సృజించిన భవభూతి స్త్రీల బుద్ధిని తక్కువగా నెంచినవాడును కాడు. మేము చెప్పునది యొక్కటియే. ఇతరులు వ్రాసిన మాటలను పదునాలుగేండ్లు పలికిన నటి కలము పట్టినపుడు తెరపై స్త్రీ నడక మాఱెను. కలము ఎవరి చేతిలో నున్నదను ప్రశ్న వట్టి గౌరవమునకు సంబంధించినది కాదు. కన్య బావిలో పడునా, నిలిచి పోరాడునా యను ప్రశ్న దానిలో నిమిడియున్నది.

దేశాంతర రచయిత్రులు

ఆ కాలమున ఇతర దేశములలోను స్త్రీలు చిత్రకథలు వ్రాయుచునే యుండిరి. ఆంగ్లదేశమున మ్యూరియల్ బాక్స్ యను నామె భర్తతో కలిసి వ్రాసిన "ది సెవెంత్ వెయిల్" చిత్రకథకు 1947 లో ఆస్కారు బహుమానము వచ్చెను. ఇటలీలో సూసో చెక్కీ దామీకో 1948 నాటి "బైసికిల్ థీవ్స్" రచయితలలో నొకరు. లోకమంతయు నా చిత్రమును దర్శకుని పేరున నెఱుగును. వ్రాసినవారిలో నొక స్త్రీ కలదని యెఱిగినవారు కొలదిమంది. జపానులో యోకో మిజుకి 1955 నాటి "ఉకిగుమో" చిత్రమునకు రచన చేసెను. ఆ దేశపు ప్రసిద్ధ నటి కినుయో తనాకా తన తొలి చిత్రమునకు దర్శకత్వము వహించినది సరిగా 1953 లోనే, అనగా చండీరాణి సంవత్సరముననే. మన దేశముననే ఉర్దూ రచయిత్రి ఇస్మత్ చుగ్తాయి 1948 లో "జిద్దీ" చిత్రమునకు కథ నిచ్చిరి.

వీరిలో పెక్కుమందికి భర్తయో, మిత్రమండలియో, సంస్థయో ఆసరాగా నుండెను. ఆసరా లేని రచయిత్రుల కాగితములు ఇతరుల పేళ్ల క్రింద కలిసిపోవుట సులభము. భానుమతిగారికి భరణి యుండెను. భరణి లేకున్న చండి పుట్టియుండెడిది కాదని మా నమ్మకము.

అత్తగారి కథలు

భానుమతిగారి కలము తెరతో నాగలేదు. "అత్తగారి కథలు" తెలుగు హాస్యరచనలో స్థిరమైన చోటు సంపాదించుకొన్నవి. అందుకు ఆంధ్రప్రదేశ్ సాహిత్య అకాడమీ పురస్కారమును లభించెను. ఆ దినములలో తెరపై అత్తగారన్న గయ్యాళి. సూర్యకాంతముగా రట్టి పాత్రల నంత సహజముగా నటించుటచే తెలుగునాట ఆడపిల్లలకు ఆ పేరు పెట్టుటకే జంకిరని చెప్పుకొందురు. భానుమతిగారి అత్తగారు వేఱు. ఆమెకు మడి యున్నది, చాదస్తము కలదు, అమాయకత్వమును కలదు, ఆ యమాయకత్వము చాటున కొంత గడుసుదనమును కలదు. కథ చెప్పునది కోడలు. కోడలు అత్తను చూచి నవ్వును గాని ద్వేషింపదు. మునిమాణిక్యము నరసింహారావుగారు కాంతమును చూచి నవ్వినట్లే యిదియు ప్రేమతో గూడిన నవ్వు. అత్తాకోడండ్రను శత్రువులుగా చిత్రించి డబ్బు సంపాదించిన కాలమున, ఒక యిల్లాలు ఆ యిద్దఱను ఒకే వంటింటిలో నవ్వుచు కూర్చుండబెట్టెను. ఇదియు కలము చేసిన పనియే.

పిమ్మట ఆమె 1972 లో "అంతా మన మంచికే", 1974 లో "అమ్మాయి పెండ్లి", 1977 లో "మనవడి కోసము" చిత్రములకు దర్శకత్వము వహించిరి. 1980 నాటి చిత్రమున కామె పెట్టిన పేరు "రచయిత్రి". 1982 లో బాలబాలికలే యన్ని పాత్రలను ధరింపగా "భక్త ధ్రువ మార్కండేయ" తీసిరి. మదరాసులో ప్రభుత్వ సంగీత కళాశాలకు ప్రిన్సిపాలుగా పనిచేసిరి. 1966 లో పద్మశ్రీ, 2001 లో పద్మభూషణ బిరుదములు వచ్చినవి. ఆత్మకథయైన "నాలో నేను" సినిమా గ్రంథములలో ఉత్తమమైనదిగా జాతీయ పురస్కారము నందెను. అణ్ణాదురైగారు ఆమెను నటనకు వ్యాకరణమని కొనియాడిరి. వ్యాకరణమును బోధించి జీవితము గడపిన మాకు ఆ మాట మిక్కిలి యింపు. 2005 డిసెంబరు 24వ తేదీన చెన్నపట్టణమున ఆమె దివంగతులైరి. ఆనాడు పత్రికలు ఆమె నటనను, గానమును మెండుగా స్మరించినవి. రచయిత్రి యను మాట వరుసలో కడపట వచ్చెను.

ఆస్తి, కలము

తెనాలికి చేరువనున్న అమృతలూరులో పుట్టిన కాంచనమాలగారి కథను దీనితో పోల్చి చూడవలెను. 1938 నాటి "గృహలక్ష్మి", 1942 నాటి "బాలనాగమ్మ" చిత్రములతో ఆమె కీర్తి మిన్నుముట్టెను. ఆపైన ఒప్పందపు చిక్కులవలనను, ఆరోగ్యము చెడుటవలనను తెరకు దూరమైరి. 1963 లో "నర్తనశాల"లో చిన్న పాత్రలో కనబడిరి. రూపము, ప్రతిభ, ప్రజాదరణము మూడును ఉండెను. తనదని చెప్పుకొనదగిన సంస్థ లేకపోయెను.

గుంటూరు జిల్లా చిఱ్ఱావూరులో పుట్టిన సావిత్రిగారు 1968 లో "చిన్నారి పాపలు" చిత్రమునకు దర్శకత్వము వహించిరి. పి. లీలగారు సంగీతము కూర్చిరి. ముఖ్యశాఖలను స్త్రీలే నిర్వహించిన యా ప్రయత్నము ప్రశంసనీయము. ధనము మాత్రము రాలేదు. ప్రతిభ గలదు, సాహసము గలదు, వెనుక నిలుచు బలము చాలలేదు.

నవలలు వ్రాసిన స్త్రీలకు వేఱొక దారి యేర్పడెను. కోడూరి కౌసల్యాదేవిగారి "చక్రభ్రమణము" 1964 లో "డాక్టర్ చక్రవర్తి"గా తెరకెక్కెను. యద్దనపూడి సులోచనారాణిగారి "మీనా" 1973 లో విజయనిర్మలగారి దర్శకత్వమున చిత్రమయ్యెను. రంగనాయకమ్మగారి "బలిపీఠము" 1975 లో వచ్చెను. వీరి నవలలు ముందే అచ్చుపడి, పాఠకుల మన్నన పొందినవి. అచ్చుపుస్తకము మీది పేరును ఎవ్వరును చెఱపజాలరు. అదియే వారికి గద్య, అదియే ఆస్తి.

ఈ యన్నిటినుండి తేలున దొక్కటి. స్త్రీకి విద్య చాలదు. విద్యతోపాటు తన పేర నొక యాస్తియో, తన పేరు చెఱగని యొక వ్రాతయో ఉండవలెను. శాసనకర్తలును ఈ సత్యమును గ్రహించిరి. చండీరాణిలో నాయకులైన తారక రామారావుగారు ముఖ్యమంత్రిగా నుండగా, 1985 సెప్టెంబరు 5 నుండి అమలగునట్లు 1986 లో ఆంధ్రప్రదేశమున కుమార్తెలకు పిత్రార్జిత కుటుంబాస్తిలో కుమారులతో సమముగా హక్కు కల్పించిరి. భారతదేశమంతటికి ఆ హక్కు 2005 లో వచ్చెను. వరకట్న నిషేధము 1961 లోనే చట్టమయ్యెను. చట్టములు పుస్తకములలో నున్నవి. మన పెండ్లిపందిళ్లలో నున్నవా యను ప్రశ్నకు ప్రతి తండ్రియు తనకు తానే సమాధానము చెప్పికొనవలెను.

మన సంఘమునకు విజ్ఞప్తి

ఈ సందర్భమున మహాసభవారికి మూడు విషయములు సవినయముగా విన్నవించుచున్నాము.

మొదటిది. రాబోవు సంచికలయందు దాతల పేళ్లతోపాటు, మన కులమున పనిచేసిన స్త్రీల పేళ్లను, వారి పనిని గ్రంథస్థము చేయవలెను. ఆసు పోసి, కండెలు చుట్టి బిడ్డలను చదివించిన తల్లుల వృత్తాంతమును వారి బ్రదుకుకాలముననే అడిగి వ్రాసికొనవలెను. ముసలివారు పోయిన పిమ్మట అడుగుటకు ఎవ్వరు నుండరు. ఈ పనికి ధనవ్యయము స్వల్పము. పాఠశాలలోని పిల్లలే కలము కాగితము పట్టుకొని యింటింటికి పోవచ్చును.

రెండవది. విద్యార్థి వేతనములలో సగమునకు తగ్గకుండ బాలికలకు కేటాయింపవలెను. వైద్యము, ఇంజనీరింగు చదువువారికే కాక సాహిత్యము, సంగీతము, చిత్రకథారచన, నేతనమూనాల కల్పన నేర్చువారికిని ఈయవలెను. పొట్టకూటికి వచ్చు విద్యయే విద్య యను పెద్దలకు మా మనవి. భానుమతిగారికి తండ్రి నేర్పిన సంగీతమే కడవఱకు అన్నము పెట్టినది, ఇతరులకును పెట్టినది.

మూడవది. మగ్గమునకు, యింటికి, సహకార సంఘ సభ్యత్వమునకు ఇల్లాలి పేరును జతపఱచు పద్ధతిని సంఘము ప్రోత్సహింపవలెను. మన చీరెకు అంచు ఎట్లో పనికి పేరు అట్లు. అంచు లేని చీర త్వరలో పోగులు విడును.

కులము నేడు ముందునకు పోవుచున్నదని సభలలో మనము చప్పట్లు కొట్టుచున్నాము. సగము మంది పేళ్లు లేని కులచరిత్ర సగము చరిత్రయే. మన యింటిలో ఏ బాలికయైన నోటుపుస్తకము చివరి పుటలలో కథ వ్రాసికొనుచు కనబడినచో "ఈ పిచ్చివ్రాత లేల?" యని కసరక, దానిపై నామె పేరును స్పష్టముగా వ్రాయుమని చెప్పుడు. ఆ కాగితమును పాతసామానులలో పడవేయక పెట్టెలో దాచుడు. మిగిలినది ఆ బిడ్డ చేసికొనును.

మహాసభ నిర్విఘ్నముగా జరుగుగాక. పోషకులకును, సోదరసోదరీమణులకును శుభమగుగాక.

స్వస్తి.